కోతల కాలంలో పుట్టిన ఫోన్

వరంగల్ జిల్లాలో 2009-10 ప్రాంతంలో బోరుబావి కింద సేద్యం చేసే ఇంట్లో సెల్‌ఫోన్ చార్జింగ్‌కు ఒక వేళంటూ ఉండేది కాదు. కరెంటు ఎప్పుడొస్తే అదే వేళ. వ్యవసాయానికి ఉచిత కరెంటు లెక్కకు ఏడు గంటలు. అదీ ఒక్క బిగిన కాదు, విడతలుగా. అందులో ఒక విడత అర్ధరాత్రి దాటాక వచ్చేది. ఎండాకాలం వచ్చిందంటే ఇళ్లకిచ్చే కరెంటుకూ కోతలే. రామగుండం ఎన్టీపీసీ పొగ గొట్టాలు కనపడే ఊళ్లలో కూడా సాయంత్రం కందిలి కోసం వెతుక్కునేవాళ్లు. సింగరేణి బొగ్గు గూడ్సు బండ్లలో పోతుంటే, పక్క ఊళ్లో ఫ్యాను ఆగిపోయేది. ఉత్తర మండల విద్యుత్ పంపిణీ సంస్థ ప్రధాన కార్యాలయం ఉన్నది కూడా హన్మకొండ నక్కలగుట్టలోనే. దీపం కిందే చీకటి.

ఆ రోజుల్లో సెల్లు కొందామని నర్సంపేట నుంచో పరకాల నుంచో బస్సెక్కి వచ్చిన రైతు, వరంగల్ జేపీఎన్ రోడ్డు దుకాణంలో మొదట కెమెరా గురించి అడిగేవాడు కాదు. "అన్నా, చార్జింగ్ ఎన్ని దినాలు ఆగుతది?" తర్వాత, "రెండు సిమ్ములు పడ్తయా?" ఆ తర్వాత, "లైటున్నదా?" మెమరీ కార్డు, పాటలు, ఎఫ్ఎం సంగతి పక్కనున్న కొడుకు చూసుకునేవాడు. ధర అడిగేది చివర్లో, అదీ బేరానికి దిగే గొంతుతో. దుకాణదారు చేతిలోని నోకియా పెట్టె లైటుకు జవాబు చెప్పేది, చార్జింగుకు సగం జవాబు చెప్పేది, రెండు సిమ్ముల దగ్గర మాత్రం నోరు తెరిచేది కాదు. మైక్రోమ్యాక్స్ అనే దేశీ ఫోన్ కంపెనీ పేరు ఇక్కడి జనం నోట పడింది ఆ సందులోంచే.

నోకియాను తక్కువ చేయడానికేం లేదు. 2003లో వచ్చిన 1100 మోడల్‌కు నెత్తిన టార్చి, దుమ్ముకు చెమటకు తట్టుకునే రబ్బరు కీప్యాడ్ ఉండేవి. ప్రపంచమంతా కలిపి 25 కోట్లకు పైగా అమ్ముడుపోయిన ఫోన్ అది. బాయికాడ పామో తేలో తగలకుండా దారి చూపిన లైటు అది. అయితే నోకియా మన దేశంలో రెండు సిమ్ముల ఫోన్ తెచ్చేసరికి 2011 సగం గడిచిపోయింది. ఆలోపు మార్కెట్ మారిపోయింది.

ఎందుకు మారిందో చెప్పాలంటే అప్పటి కాల్ చార్జీలు గుర్తు చేసుకోవాలి. 2009లో టాటా డొకోమో సెకనుకు ఒక పైసా లెక్క తెచ్చింది. మిగతా కంపెనీలూ ఆ దారే పట్టక తప్పలేదు. ఆ ఏడాది చివర్లో యూనినార్ దిగింది. ఎయిర్‌టెల్, ఐడియా, వొడాఫోన్, రిలయన్స్, బీఎస్ఎన్ఎల్, ఎయిర్‌సెల్ ఎలాగూ ఉండనే ఉన్నాయి. ఒకరి దగ్గర రాత్రి కాల్స్ చౌక, ఇంకొకరి దగ్గర అదే కంపెనీ నంబర్లకు ఫ్రీ, మరొకరి దగ్గర సిమ్ తీసుకుంటేనే టాక్‌టైమ్. దానికి తోడు ఊళ్లో ఒక కంపెనీ టవరే పలికేది, పట్నంలో ఇంకొకటి బాగా పలికేది. సిమ్ములు రెండయ్యాయి కానీ ఫోన్ ఒక్కటే. ఫోన్ వెనుక డొప్ప ఊడదీసి, బ్యాటరీ పక్కన పెట్టి, చొక్కా జేబులో పది రూపాయల నోటులో మడిచి దాచుకున్న రెండో సిమ్ తీసి వేసి, మళ్లీ ఆన్ చేసి, టైమ్ సరిదిద్దుకుని మాట్లాడిన మనుషులు ఇప్పటికీ మన మధ్యే ఉన్నారు. అలా మారుస్తూ మారుస్తూ గోరంత సిమ్ పత్తి చేనులో జారిపోయిందంటే, ఇక వెతకడం దండుగే.

ఆ ఇబ్బందికి మొదట మందు వేసినవి బ్రాండ్ పేరే లేని చైనా సెట్లు. రెండు సిమ్ములు, చెవులు చిల్లులు పడే స్పీకర్లు, రంగురంగుల లైట్లు. బతుకమ్మ పాట పెడితే వాడంతా వినపడేది. వాటి లోపం మన్నిక ఒక్కటే కాదు. చాలావాటికి ఐఎంఈఐ, అంటే ప్రతి ఫోన్‌కూ విడిగా ఉండాల్సిన గుర్తింపు నంబరు, ఉండేది కాదు, ఉన్నా వేల ఫోన్లకు ఒకటే నంబరు. భద్రత కారణాలు చెప్పి, అలాంటి ఫోన్లకు 2009 నవంబరు 30 తర్వాత కాల్స్ నిలిపేయాలని కేంద్రం టెలికాం కంపెనీలను ఆదేశించింది. గడువుకు ముందు రూ.199 కట్టించుకుని అసలు నంబరు ఎక్కించే ఏర్పాటు కూడా నడిచింది. గడువు దాటాక పేరులేని సెట్లకు గిరాకీ పడిపోయింది. అవే సౌకర్యాలు, దాదాపు అదే ధర, పైగా పెట్టె మీద పేరు, లోపల వారంటీ కార్డు ఉన్న ఫోన్ల కోసం ఒక పెద్ద ఖాళీ ఏర్పడింది. మైక్రోమ్యాక్స్ గురించి రాసేవాళ్లు ఎక్కువగా దాని తెలివిని పొగుడుతారు. ఈ ఒక్క ప్రభుత్వ ఆదేశం చేసిన మేలును అంతగా లెక్కలోకి తీసుకోరు.

కంపెనీ పుట్టింది 2000లో, ఢిల్లీ పక్కన గుర్గావ్‌లో. రాజేశ్ అగర్వాల్, సుమీత్ కుమార్, రాహుల్ శర్మ, వికాస్ జైన్ అనే నలుగురు స్నేహితులు దాన్ని నడిపారు. మొదట్లో చేసింది సాఫ్ట్‌వేర్ పని. తర్వాత సిమ్‌తో నడిచే పీసీఓ ఫోన్ల, అంటే డబ్బులిచ్చి ఎవరైనా మాట్లాడుకునే ఫోన్ల, వ్యాపారంలోకి దిగారు. తీగ లాగలేని ఊళ్లలో ఆ డబ్బాలు బాగా పోయాయి. ఆ పని మీద తిరుగుతున్నప్పుడు తూర్పు భారతంలోని ఒక పల్లెలో పీసీఓను లారీ బ్యాటరీతో నడుపుతున్న మనిషిని చూశామని, అతను ఆ బ్యాటరీని రోజూ సైకిల్ మీద కట్టుకుని దూరంగా కరెంటున్న చోటికి తీసుకెళ్లి చార్జి చేయించుకొచ్చేవాడని రాహుల్ శర్మ చాలా ఇంటర్వ్యూల్లో చెప్పారు. కంపెనీలు తమ పుట్టుక గురించి చెప్పుకునే కథలను కాస్త అనుమానంతోనే వినాలి. కానీ ఈ కథలో కనపడే అవసరం మాత్రం నిజమైనదే. దాన్ని చూడటానికి తూర్పు భారతం దాకా పోవాల్సిన పని కూడా లేదు, ములుగు దాటి ఏటూరునాగారం వైపు వెళ్తే చాలు.

2008లో వాళ్లు తెచ్చిన ఎక్స్1ఐ అనే ఫోన్ ధర రెండు వేల రూపాయల పైచిలుకు. చూడటానికి ఏ ప్రత్యేకతా లేని కీప్యాడ్ సెట్టు. దాని గొప్పంతా లోపలి బ్యాటరీలో ఉంది. 1,800 ఎంఏహెచ్, అంటే అప్పటి మామూలు ఫోన్ల బ్యాటరీకి సుమారు రెట్టింపు. ఒక్కసారి చార్జి చేస్తే 30 రోజుల స్టాండ్‌బై అని ప్రచారం చేశారు. నెల రోజులన్నది ఫోన్‌ను బల్ల మీద పెట్టి, కాల్ చేయకుండా, మంచి సిగ్నల్‌లో ఉంచితే వచ్చే లెక్క. అడవిలో సిగ్నల్ అంతంతమాత్రంగా ఉన్నచోట ఫోన్ టవర్ కోసం గట్టిగా అరవాల్సి వస్తుంది, ఆ అరుపుకు బ్యాటరీ కరిగిపోతుంది. అయినా పక్కవాడి సెట్టు రెండో రోజుకే చచ్చిపోతుంటే, ఇది ఇంకా నాలుగు గీతలు చూపిస్తూ నిలబడేది. మేడారం జాతరకు బండ్లు కట్టుకుని పోయి, చెట్ల కింద గుడారం వేసి మూడు నాలుగు రోజులుండే కుటుంబాలకు అది చిన్న విషయం కాదు. తప్పిపోయిన మనిషిని పట్టుకోవాలంటే ఇద్దరి ఫోన్లూ బతికుండాలి కదా.

ఈ బ్రాండ్ ఎదుగుదలకు అసలు ముడిసరుకు కొరత. కరెంటు కొరతకు పెద్ద బ్యాటరీ, చౌక కాల్స్ కొరతకు రెండు సిమ్ములు, పైసల కొరతకు ధర. పరిశోధనకు పెద్ద ప్రయోగశాలలు పెట్టిన కంపెనీలు ఫోన్‌లో ఏం పెట్టొచ్చో ఆలోచిస్తుంటే, వీళ్లు కొనేవాడి ఇంట్లో ఏం లేదో చూశారు. పడిపోవడానికి కారణం వెతికినా ఇక్కడికే రావాలి.

అమ్మకం పద్ధతి కూడా అలాగే తయారైంది. పెద్ద కంపెనీలు డీలర్లకు అప్పు మీద సరుకిచ్చేవి, దుకాణానికి మిగిలేది మాత్రం తక్కువ. మైక్రోమ్యాక్స్ డిస్ట్రిబ్యూటర్ దగ్గర ముందే డబ్బు తీసుకునేది, బదులుగా మార్జిన్ ఎక్కువిచ్చేది. సొంత పెట్టుబడి ఇరుక్కోకుండా సరుకు తిప్పడానికి అది ఉపాయం. దుకాణదారుకు ఏ పెట్టె తీస్తే ఎక్కువ మిగులుతుందో చెప్పక్కర్లేదు, కౌంటర్ మీదికి మొదట వచ్చే పెట్టె అదే. జనగామ, మహబూబాబాద్, జమ్మికుంట లాంటి చిన్న పట్నాల్లో టీవీ యాడ్ కన్నా దుకాణదారు మాటకే విలువ. "తీస్కపో కాకా, ఖరాబైతే నాకు తెచ్చియ్యి" అన్న భరోసాయే వారంటీ. ఆ సెల్ దుకాణాలు అప్పట్లో ఒక్క సెల్లులమ్మే చోట్లు కావు. ఈజీ రీచార్జ్, పాస్‌పోర్ట్ ఫొటోలు, జిరాక్సు, మెమరీ కార్డులో పాటలెక్కించడం, అన్నీ అక్కడే. పది ఇరవై రూపాయలిస్తే రెండు జీబీ చిప్పు నిండా జానపదాలు, ఒగ్గు కథలు, కొత్త సినిమా పాటలు కంప్యూటర్‌లోంచి దిగేవి. ఫోన్ కొన్న మనిషి పాటల కోసం మళ్లీ ఆ మెట్టే ఎక్కాలి. ఆ ఎక్కడంలోనే తర్వాతి ఫోన్ బేరం కూడా నడిచేది.

2010 నాటికి మోడళ్ల జాతర మొదలైంది. టీవీ రిమోట్‌గా పనిచేసే ఫోన్ ఒకటి, వీపులో బ్లూటూత్ హెడ్‌సెట్ దాచుకున్న ఫోన్ ఒకటి, జీఎస్ఎం, సీడీఎంఏ అనే రెండు రకాల నెట్‌వర్క్‌ల సిమ్ములూ పట్టే ఫోన్ ఒకటి, స్వరోవ్‌స్కీ రాళ్లు పొదిగి ఆడవాళ్ల కోసమని తెచ్చిన బ్లింగ్ ఒకటి. రిమోట్ ఫోన్ జేబులో ఉన్న కుర్రాడు టిఫిన్ సెంటర్‌లో క్రికెట్ నడుస్తుండగా చానల్ మార్చేసి ఏమీ ఎరగనట్టు దోసె తినడం లాంటి చిలిపి పనులకు ఆ ఫోన్ బాగా అక్కరకొచ్చింది. అన్నీ నిలబడలేదు. నిలబడాలన్న పట్టుదల కంపెనీకీ లేదు. నెలకో రెండు మోడళ్లు వదలడం, పోయినదాన్ని మళ్లీ తెప్పించడం, పోనిదాన్ని మరిచిపోవడం, ఇదే వాళ్ల పద్ధతి. అక్షయ్ కుమార్ ప్రకటనలు, 2010 ఆసియా కప్ క్రికెట్ స్పాన్సర్‌షిప్‌తో పేరు ఇంటింటికీ చేరింది. అదే ఏడాది టీఏ అసోసియేట్స్ లాంటి విదేశీ పెట్టుబడి సంస్థలు డబ్బు పెట్టాయి. షేర్లు జనానికి అమ్మే పబ్లిక్ ఇష్యూకు దరఖాస్తు పెట్టి తర్వాత వెనక్కి తీసుకున్నారు.

కరీంనగర్, జగిత్యాల, సిరిసిల్ల వైపు కథ కొంచెం వేరు. అక్కడ గల్ఫ్ నుంచి సెలవుకొచ్చిన మనిషి సూట్‌కేసులో నోకియా, సామ్‌సంగ్ సెట్లు వచ్చేవి. దుబాయ్ సెట్టుకున్న గౌరవం వేరు, బావమరిదికి ఏ మోడల్ తెచ్చాడన్నది పెండ్లిలో కూడా ముచ్చటే. ఆ ఇళ్లలో మైక్రోమ్యాక్స్‌ను మొదట్లో చైనా సరుకనే చూశారు. ఆ చూపు మారింది కాన్వాస్‌తో.

2012 చివర్లో వచ్చిన కాన్వాస్ 2, మోడల్ నంబర్ ఏ110, ధర రూ.9,999. అయిదంగుళాల తెర, రెండు సిమ్ములు, ఎనిమిది మెగాపిక్సెల్ కెమెరా. అప్పటికి అంత పెద్ద తెర కావాలంటే సామ్‌సంగ్ నోట్ కొనాలి, దానికి ముప్పై వేలకు పైగా పెట్టాలి. దూరం నుంచి చూస్తే రెండింటికీ తేడా తెలియదు, దగ్గరికొచ్చి చూస్తే తెలుస్తుంది. కానీ పదివేలు పెట్టినవాడు దగ్గరికి రానివ్వడు కదా! నిట్, కిట్స్, కాకతీయ యూనివర్సిటీ హాస్టళ్లున్న హన్మకొండలో సరిగ్గా ఆ వయసు కుర్రాళ్లకు ఆ ధర అందింది. ఇంట్లో నుంచి వచ్చిన ఖర్చుల డబ్బులో కొంత, స్కాలర్‌షిప్పులో కొంత, అక్క పెట్టుబడి కొంత. 2013 ఫిబ్రవరిలో వచ్చిన కాన్వాస్ హెచ్‌డీ, ఏ116, రూ.13,990 ధరకు నాలుగు కోర్ల ప్రాసెసర్ ఇచ్చింది. దానికోసం జనం ఆన్‌లైన్‌లో ఎగబడ్డారు. మంచి సినిమా మొదటి రోజు టికెట్లలా దుకాణాల్లో పేరు రాయించుకుని ఎదురుచూడాల్సి వచ్చింది.

ఇంత తక్కువ ధరకు ఎలా సాధ్యమైందన్నది ఈ కథలో గట్టిగా అర్థం చేసుకోవాల్సిన చోటు. తైవాన్ కంపెనీ మీడియాటెక్ ఒక్క చిప్పునే అమ్మేది కాదు. ఆ చిప్పు చుట్టూ బోర్డు ఎలా గీయాలో, సాఫ్ట్‌వేర్ ఎలా ఎక్కించాలో, ఏ కెమెరా ఏ తెర దానికి సరిపోతాయో మొత్తం కట్టగట్టి ఇచ్చేది. దాన్ని తీసుకుని చైనాలోని షెన్‌జెన్ చుట్టుపక్కల డిజైన్ సంస్థలు సిద్ధంగా ఫోన్లు గీసి పెట్టుకునేవి. మన దగ్గర టైలర్ షాపులో కొలతలివ్వకుండా రెడీమేడ్ కొనుక్కున్నట్టు, ఒక బ్రాండ్ వెళ్లి నమూనాలు చూసి, తెర ఇంత, కెమెరా అంత, వెనుక రంగు ఇది అని చెప్పి, తన పేరు అచ్చు వేయించుకుని లక్షల్లో ఆర్డరివ్వొచ్చు. అదే నమూనా ఇంకో దేశంలో ఇంకో పేరుతో అమ్ముడుపోయేది. ఫ్యాక్టరీ కట్టాల్సిన పని లేదు, ఇంజినీర్ల సైన్యం అక్కర్లేదు. తెలివి కావాల్సింది ఎంపికలోనే. ఆ ఎంపికలో మైక్రోమ్యాక్స్ చెయ్యి తిరిగింది. కార్బన్, లావా, ఇంటెక్స్, మన హైదరాబాద్ బ్రాండ్ సెల్‌కాన్, అందరూ తవ్విన బావి ఒకటే, నీళ్లు చేదడంలోనే తేడా.

బావి మరొకరి పొలంలో ఉన్న సంగతి మాత్రం అప్పట్లో ఎవరూ పెద్దగా పట్టించుకోలేదు.

కాన్వాస్‌ల రెండో జీవితం రిపేరు దుకాణాల్లో గడిచింది. అయిదంగుళాల గాజు చేతిలోంచి జారితే ఏమవుతుందో ఊహించొచ్చు. తెరా, టచ్చూ కలిసి వచ్చే ముక్కను మెకానిక్కులు కాంబో అంటారు. హైదరాబాద్ జగదీశ్ మార్కెట్ నుంచి పార్సిల్ వస్తే తప్ప అది దొరికేది కాదు. వచ్చినా ఒరిజినల్ ఒక ధర, కాపీ ఒక ధర. మెకానిక్ హీటర్ మీద తెరను వేడిచేసి, సన్నని తీగతో జిగురు కోసి, పాతదాన్ని విడదీసి కొత్తది అంటించి రబ్బరు బ్యాండ్లు చుట్టి ఓ పక్కన పెట్టేవాడు. ఫోన్ స్లో అయితే సాఫ్ట్‌వేర్ కొట్టించడం, బ్యాటరీ ఉబ్బితే డొప్ప మీద గోరుతో నొక్కి చూడటం, ఇవన్నీ హన్మకొండ చౌరస్తా చుట్టుపక్కల సందుల్లో నేర్చుకున్న విద్యలే. కంపెనీ సర్వీస్ సెంటర్ కన్నా ఈ సందులనే జనం ఎక్కువ నమ్మారు. చవక బ్రాండ్లన్నిటికీ అదే బలహీనత. అమ్మే దుకాణాలు ప్రతి మండలంలో ఉంటాయి, బాగుచేసే కేంద్రాలు జిల్లాకు ఒకటి రెండుంటాయి. విడిభాగాల నిల్వ పెట్టాలంటే ఒక్కో మోడల్ కనీసం కొన్నేళ్లు నిలవాలి, నెలకో మోడల్ మార్చేవాళ్లకు అది కుదిరే పని కాదు. రిపేరు సందుల బతుకు ఆ ఇరుకు మీదే గడిచింది.

కోతలంటే మన భాషలో ఇంకో అర్థం కూడా ఉంది కదా, అవీ మొదలయ్యాయి. 2013 అక్టోబరులో కాన్వాస్ టర్బో కోసం హాలీవుడ్ నటుడు హ్యూ జాక్‌మన్‌ను తెచ్చారు. 2014 మొదట్లో రష్యా మార్కెట్‌కు వెళ్లారు. ఆ ఏడాది చివరి మూడు నెలల్లో స్మార్ట్‌ఫోన్ల అమ్మకాల్లో మైక్రోమ్యాక్స్ 22 శాతంతో, 20 శాతమున్న సామ్‌సంగ్‌ను దాటేసిందని కెనాలిస్ సంస్థ లెక్క చెప్పింది. సామ్‌సంగ్ ఒప్పుకోలేదు, వేరే సంస్థ లెక్కలు చూపించింది. ఎవరి లెక్క నిజమైనా, ఒక దేశీ పేరు ఆ ఎత్తుకు ఎక్కడం అదే మొదలు. అంత ఎత్తు మళ్లీ ఎక్కలేదు కూడా.

కొండ మీదున్న రోజుల్లోనే కింద మట్టి కదిలింది. 2014 ఫిబ్రవరిలో మోటో జీ, మేలో రూ.6,999 ధరకు మోటో ఈ, జులైలో రూ.13,999 ధరకు షావోమీ ఎంఐ3, సెప్టెంబరులో రూ.5,999 ధరకు రెడ్‌మీ 1ఎస్ వచ్చాయి. అన్నీ ఆన్‌లైన్‌లోనే. దుకాణం అద్దె లేదు, డిస్ట్రిబ్యూటర్ మార్జిన్ లేదు, అక్షయ్ కుమార్ ఫీజు లేదు. ఆ డబ్బంతా ఫోన్‌లో పెట్టారు. షావోమీ లాంటి చైనా కంపెనీలకైతే నమూనా గీసేవాడు, ముక్కలు చేసేవాడు, బిగించేవాడు వాళ్ల ఊళ్లోనే ఉన్నారు. మైక్రోమ్యాక్స్ మధ్యవర్తిగా సంపాదించిన వాటాను వాళ్లు పూర్తిగా కొట్టేసి ఆ మేరకు ధర తగ్గించగలిగారు. బావి ఎవరి పొలంలో ఉందో అప్పుడు గుర్తొచ్చింది.

పోటీకి బదులుగా మైక్రోమ్యాక్స్ యూ అనే వేరే బ్రాండ్ పెట్టింది. సైనోజెన్ అనే ఆండ్రాయిడ్ రూపాన్ని మన దేశంలో తమకే ఇచ్చారని, అదే సాఫ్ట్‌వేర్‌తో వస్తున్న వన్‌ప్లస్ మీద 2014 డిసెంబరులో ఢిల్లీ హైకోర్టుకెక్కింది. 2015 జనవరిలో రూ.8,999 ధరకు యురేకా అమ్మకానికొచ్చింది. నిజం చెప్పాలంటే అది మంచి ఫోనే. కానీ అది అమ్ముడుపోయింది అమెజాన్‌లో. ఇన్నాళ్లూ కౌంటర్ మీద తమ పెట్టె ముందు తీసిన దుకాణదారుకు అందులో ఏం మిగల్లేదు. కొనేవాడు దుకాణానికొచ్చి "యురేకా ఉన్నదా?" అని అడిగి, లేదంటే నెట్‌లో బుక్ చేసుకోవడం మొదలైంది. ఆ దుకాణదారు చల్లారిన వేళలోనే ఒప్పో, వివో మనుషులు వచ్చారు. బోర్డు మేమే పెట్టిస్తాం, లైట్లు మావే, కౌంటర్‌లో నిలబడే కుర్రాడి జీతం మాదే, ప్రతి పీసుకు ఇంత అన్నారు. 2016 కల్లా వరంగల్ చౌరస్తా నుంచి హన్మకొండ దాకా, కరీంనగర్ టవర్ సర్కిల్‌లో, మండల కేంద్రాల్లో కూడా సెల్ దుకాణాల నెత్తిన నీలం బోర్డో ఆకుపచ్చ బోర్డో వేలాడింది. దుకాణం పేరు మూలన చిన్నగా, కంపెనీ పేరు మధ్యన పెద్దగా. ఏ ఎత్తుతో మైక్రోమ్యాక్స్ నోకియాను కౌంటర్ మీంచి దించిందో, అదే ఎత్తు పదింతల డబ్బుతో దాని మీదికే వచ్చింది.

లోపల కూడా పొత్తు కుదరలేదు. బయటి నుంచి తెచ్చిన పెద్ద అధికారులు 2015-16లో ఒకరి వెనుక ఒకరు వెళ్లిపోయారు. అలీబాబా పెట్టుబడి పెడుతుందన్న చర్చలు తేలకుండానే ముగిశాయి. 2016 సెప్టెంబరు 5న జియో మొదలైంది. ఉచిత డేటా, ఉచిత కాల్స్, కానీ అందుకు కాల్స్‌ను కూడా 4జీ మీదే నడిపే వోల్టే ఫోన్ కావాలి. చైనా బ్రాండ్లు అప్పటికే 4జీకి మారిపోయాయి. దేశీ కంపెనీల గోదాముల్లో 3జీ సరుకు గుట్టలుగా ఉంది. రెండు నెలలు తిరిగేసరికి పెద్ద నోట్ల రద్దు. నగదు మీద నడిచే అయిదారు వేల ఫోన్ల బేరం, అంటే దేశీ బ్రాండ్ల అసలు బేరం, ఏటీఎం క్యూలో ఇరుక్కుంది. ఆ ఏడాది చివరి మూడు నెలల్లో స్మార్ట్‌ఫోన్ల మొదటి అయిదు స్థానాల్లో ఒక్క భారతీయ పేరూ లేదు.

జియో, షావోమీ వల్ల పోయిందని చెప్పడం సులువు. కానీ దెబ్బ లోతుగా తగిలిన చోటు వేరు. తెలంగాణ రాష్ట్రం వచ్చాక ఒకటి రెండేళ్లలో ఇళ్లకు కరెంటు కోతలు తగ్గిపోయాయి. 2018 జనవరి 1 నుంచి వ్యవసాయానికీ 24 గంటల కరెంటు మొదలైంది. అర్ధరాత్రి కరెంటు కోసం రైతులు మోటర్లకు పెట్టుకున్న ఆటో స్టార్టర్లను తీసేయాలని అంతకుముందే ప్రభుత్వం ఊరూరా చెప్పించింది. కాల్ చార్జీల లెక్క జియోతో చెరిగిపోయింది, రెండో సిమ్ అవసరం కన్నా అలవాటుగా మిగిలింది. అంటే ఈ బ్రాండ్ ఏ కొరతల మీద ఇల్లు కట్టుకుందో అవన్నీ ఒక్కొక్కటే తీరిపోయాయి. మిగిలింది పైసల కొరత. అది తీర్చే శక్తి బావి యజమాని దగ్గరే ఉంది.

తీరని కొరత ఇంకొకటుండేది, భాషది. దాన్ని మైక్రోమ్యాక్స్ చూడలేదని కూడా అనలేం. 2014లో తెచ్చిన యునైట్ 2 అనే రూ.6,999 ఫోన్‌లో తెలుగుతో సహా 21 భారతీయ భాషలు పెట్టింది. తర్వాతి యునైట్ 3లో ఇండస్ అనే పేరు తెచ్చుకున్న దేశీ సాఫ్ట్‌వేర్ వాడింది. చదువుకోని, లేదా తెలుగు మాత్రమే చదవగల రైతు చేతిలో స్మార్ట్‌ఫోన్ ఎలా ఉండాలన్న ప్రశ్నకు అది మొదటి అడుగు. ఏనుమాముల మార్కెట్‌లో పత్తి ధర ఎంత పలికిందో, మందు డబ్బా మీద ఏం రాసుందో తెలుగులో చెప్పగల ఫోన్ ఆనాడు ఎవరి దగ్గరా సరిగ్గా లేదు. కానీ ప్రచారం డబ్బు హ్యూ జాక్‌మన్ వైపు పోయింది, యునైట్ ఇంకో మోడల్‌గా మిగిలిపోయింది. తర్వాత ఆ పనిని గూగుల్ గొంతుతో వెతికే పద్ధతి, వాట్సాప్ వాయిస్ మెసేజ్‌లు చాలావరకు చేసేశాయి. ఎక్స్1ఐ రోజుల్లో చూపిన కన్ను ఇక్కడ ఇంకొంచెం సేపు నిలిచుంటే కథ ఎలా ఉండేదో!

2017లో బీఎస్ఎన్ఎల్‌తో కలిసి రూ.2,200 ధరకు భారత్ 1 అనే 4జీ కీప్యాడ్ ఫోన్ తెచ్చారు. అప్పటికే జియో రూ.1,500 డిపాజిట్ మీద తన ఫోన్ ఇస్తోంది. 2020లో సరిహద్దు ఘర్షణ తర్వాత చైనా సరుకు మీద కోపం పెరిగిన వేళ, నవంబరులో ఇన్ పేరుతో రెండు ఫోన్లు దించారు. ఇన్ నోట్ 1 ధర రూ.10,999. కోపం మాటల్లో ఉన్నంత కొనుగోళ్లలో ఉండదని అది మరోసారి చూపింది.

తయారీ మాత్రం ఆగలేదు. 2014లో ఉత్తరాఖండ్‌లోని రుద్రపూర్‌లో ఫోన్లు బిగించే ఫ్యాక్టరీ మొదలైంది. దిగుమతి ఫోన్ల మీద పన్ను ఎక్కువగా, ఇక్కడ బిగించినవాటి మీద నామమాత్రంగా ఉండేలా 2015 బడ్జెట్‌లో మార్పు వచ్చాక, హైదరాబాద్ శివార్లలో కూడా దేశీ బ్రాండ్ల యూనిట్లు లేచాయి. మేడ్చల్‌లో సెల్‌కాన్ పెట్టినది వాటిలో ఒకటి. మైక్రోమ్యాక్స్ తయారీ విభాగం భగవతి ప్రోడక్ట్స్, 2020లో కేంద్రం తెచ్చిన ఉత్పత్తి ప్రోత్సాహక పథకానికి ఎంపికైన అయిదు దేశీ కంపెనీల్లో ఒకటి. ఇప్పుడు ఆ విభాగం పని ఎక్కువగా ఇతరుల బ్రాండ్లకు, అందులోనూ చైనా బ్రాండ్లకు, ఫోన్లు బిగించి ఇవ్వడం. పెట్టె మీద తయారీదారు పేరు వేయాలన్నది నిబంధన, అది వెనుకవైపు చిన్న అక్షరాల్లో ఉంటుంది. ఒకప్పుడు షెన్‌జెన్‌లో ఎవరో చేసిన ఫోన్ మీద ఈ కంపెనీ తన పేరు పెద్దగా అచ్చు వేయించుకుంది, చేసినవాడి పేరు చిన్న అక్షరాల్లో కూడా ఎవరూ చదవలేదు.